పోగొట్టుకున్నవాళ్ళ పాపం

“బాంబులు పెట్టేవాళ్ళకి బెయిలేమిటండీ, నా మొహం!” అంది మా పక్కింటావిడ చిక్కుడుకాయలకి ఈనెలు తీస్తూ. టీవీలో ఏదో కేసు గురించి చెబుతున్నారు. నేనూ తలూపాను. ఆవిడ వెళ్ళిపోయాక మాత్రం ఆ తలూపడం నాకే నచ్చలేదు.

ఊపడానికి కారణం లేకపోలేదు. 2007 ఆగస్టు 25 సాయంత్రం కోఠీలో గోకుల్ చాట్ దగ్గరా, లుంబినీ పార్కులోనూ బాంబులు పేలి 42 మంది పోయారు. జాకెట్టు గుడ్డలు కొనుక్కోవడానికి కోఠీ వెళ్ళి, కాళ్ళు పీకుతుంటే ఓ ప్లేటు చాట్ తిని ఇంటికి రావడం హైదరాబాదులో ఆడవాళ్ళకి మామూలే. ఆ రోజు అలా వెళ్ళినవాళ్ళు కొందరు తిరిగి రాలేదు. ఆ పని చేసినవాళ్ళ మీద జాలి చూపమని నేననడం లేదు.

నా సందేహమల్లా ఒక్కటే. బాంబు పెట్టింది వాళ్ళేనని మనం చిక్కుడుకాయల ముందు కూర్చుని తేల్చేశామే, కోర్టు ఇంకా తేల్చలేదు కదా!

మన దేశంలో ఈ చట్టాల కథ చూడండి. పెద్ద దెబ్బ తగిలినప్పుడల్లా ఓ చట్టం వచ్చింది, లేదా ఉన్నది బిగిసింది. పంజాబు మండుతున్న రోజుల్లో 1985లో టాడా వచ్చింది. అమాయకుల్ని పట్టుకుపోతున్నారని గోల ఎక్కువై, 1995లో దాన్ని పొడిగించకుండా వదిలేశారు. పార్లమెంటు మీద దాడి జరిగాక 2002లో పోటా వచ్చింది, 2004లో రద్దయింది. రద్దయిందన్న మాటేగాని, అందులో చాలా భాగం 1967 నాటి ఉపా చట్టంలోకి వచ్చి చేరింది. పాత చీర చింపి దిండు గలీబులు కుట్టుకున్నట్టన్నమాట! 2008లో ముంబయి దాడి తర్వాత బెయిలు మరీ కష్టమైంది. మామూలు కేసుల్లో 60 లేక 90 రోజుల్లో ఛార్జిషీటు వెయ్యకపోతే బెయిలు వస్తుంది. ఇక్కడ కోర్టు ఒప్పుకుంటే 180 రోజుల దాకా ఆగొచ్చు. ఆ తర్వాతైనా, ఆరోపణ పైకి నిజంలాగే ఉందని జడ్జిగారికి తోస్తే బెయిలు లేనట్టే.

పోనీ, ఉగ్రవాద చర్య అంటే ఏమిటి? బాంబులూ, తుపాకులూ, విషవాయువులూ అని వరసగా చెప్పుకొచ్చి, చివర మరే విధమైన సాధనంతోనైనా సరే అంటుంది చట్టం. భయపెట్టే ఉద్దేశమే ఉండనక్కర్లేదు, జనం భయపడే అవకాశమున్నా చాలు. ఐక్యరాజ్యసమితిలో దేశాలన్నీ ఏళ్ళ తరబడి మాట్లాడుకున్నా అందరూ ఒప్పుకునే నిర్వచనం ఒకటి కుదరలేదు. మాట అంత వెడల్పైతే అందులో ఎవరైనా పడొచ్చు.

ఏమాటకామాటే చెప్పుకోవాలి. ఇలాంటి కేసుల్లో సాక్షులు భయపడతారు, కుట్ర ఊళ్ళు దాటి ఉంటుంది, పోలీసులకి వ్యవధి కావాలి. గోకుల్ చాట్, లుంబినీ కేసుల్లో 2018లో కోర్టు ఇద్దరికి ఉరిశిక్ష, ఒకరికి యావజ్జీవం వేసింది. మరో ఇద్దర్ని సాక్ష్యం చాలదని వదిలేసింది. నిదానంగానే అయినా, విడదీసి చూసింది.

2007 మే 18న మక్కా మసీదులో శుక్రవారం ప్రార్థన వేళ జరిగిన పేలుడు సంగతి వేరు. మొదట పాతబస్తీ కుర్రాళ్ళని అనుమానం మీద పట్టుకెళ్ళారు. తర్వాత కోర్టులు వాళ్ళని నిర్దోషులన్నాయి. ఆ పైన ఇంకొందరి మీద కేసు నడిచింది. 2018 ఏప్రిల్లో వాళ్ళూ నిర్దోషులుగా బయటికొచ్చారు. మరి ఆ బాంబు పెట్టిందెవరు? బిడ్డని పోగొట్టుకున్న తల్లికి ఏం జవాబు చెబుతాం?

“పోగొట్టుకున్నవాడికే పాపం ఎక్కువే” అనేది మా అమ్మమ్మ. దొంగిలించినవాడిది ఒక్క పాపం. పోగొట్టుకున్నవాడు పదిమందిని అనుమానించి పది పాపాలు మూటగట్టుకుంటాడట. దేశానికైనా అంతే కాబోలు. పైగా తప్పు మనిషిని పట్టుకున్న రోజునే అసలువాడి కోసం వెతకడం మానేస్తాం. అంటే, నిరపరాధికి చేసిన అన్యాయం చచ్చిపోయినవాళ్ళకి చేసిన అన్యాయం కూడా. విచారణ ఏళ్ళూ పూళ్ళూ సాగుతుంటే ఉపా కేసుల్లోనైనా బెయిలివ్వొచ్చని 2021లో సుప్రీంకోర్టు అంది. అది నేరస్థుల మీద జాలి కాదు, ఆలస్యాన్నే శిక్షగా మార్చొద్దని చెప్పడం.

మర్నాడు పక్కింటావిడతో అన్నాను, “ఎవరి ఫోన్లోనో మీవాడి నంబరుందని తీసుకెళ్ళారనుకోండి...”

“అపశకునం మాటలు!” అని కసిరింది. కాసేపాగి, “అయితే ఆ కేసేదో తొందరగా తేల్చెయ్యొచ్చు కదండీ, వాడు కాదని తెలిసిపోతుంది” అంది.

నేను చెప్పాలనుకున్నదీ అదే.