బుస చల్లారినంక చూడు

బిడ్డా,

రాత్రి ఫోన్ల నువ్వు చెప్పింది మనసుల పెట్టుకున్న. బడిల సైన్స్ ఫెయిర్‌కు అగ్నిపర్వతం చేస్తనన్నవు. అందుకోసం వెనిగర్ సీసా, ఎర్ర రంగు కొనియ్యమని మీ అమ్మ వెంట పడుతున్నవట. చెయ్యి బిడ్డా, వద్దన. ముప్పై ఏండ్లు పిల్లలకు సైన్స్ చెప్పిన అమ్మమ్మను నేనే వద్దంటే ఇంకెవరు చెయ్యమంటరు? కాకపోతే నీకు రెండు మాటలు చెప్పాలనిపించి ఈ ఉత్తరం రాస్తున్న.

వెనిగర్ కొనొద్దు. నూడుల్స్ బండి దగ్గర తప్ప మన ఇండ్లల్ల దానికి పనేముంది? మన పాలమూరు, నల్లగొండ దిక్కు ఏ వంటింట్ల చూసినా చింతపండు డబ్బా ఉంటది. నిమ్మకాయలకైతే నకిరేకల్ మార్కెట్ పెట్టింది పేరు. నిమ్మకాయంత చింతపండును అర గ్లాసు గోరువెచ్చని నీళ్లల్ల నానబెట్టి, పిసికి, వడగట్టు. అండ్ల అర చెంచా తినే సోడా వెయ్యి. బజ్జీల పిండిల కలిపేదే, బట్టల సోడా కాదు. ముందు సుయ్‌మని చప్పుడొస్తది, ఆ వెంటనే గోధుమరంగు నురుగు గ్లాసు అంచు దాటి పొంగుతది. అప్పుడు నురుగును చూసుకుంట నిలబడకు, గ్లాసును అరచేత్తో పట్టుకో. గోరువెచ్చగ ఉన్న గ్లాసు చల్లబడుతుంటది. పొంగుతున్నది గద, కాగుతున్నదేమో అనుకుంటం. కాగుతలేదు. ఈ చర్య చుట్టుపక్కల ఉన్న వేడినే గుంజుకుంటది. ఏండ్ల తరబడి చేసిన పిల్లలు గూడ చాలామంది చెయ్యి పెట్టి చూడరు.

నేను చెప్పాలనుకున్న మాట ఇదే. అందరూ బుస దాక చూస్తరు, చప్పట్లు కొట్టి లేస్తరు. నువ్వు బుస చల్లారినంక గూడ కూసో.

చల్లారిన గ్లాసు మీద కంటికి కనపడని కార్బన్ డయాక్సైడ్ నిలబడి ఉంటది. గాలి కంటే బరువు గాబట్టి తొందరగ లేచిపోదు. అమ్మను పక్కకు పిలుచుకొని ఒక దీపం ముట్టించు. నీళ్లు ఒలకకుండ గ్లాసును దీపం మీదికి మెల్లగ వంచు, గాలిని పోసినట్టు. దీపం ఆరిపోతది. నేను చిన్నగున్నప్పుడు మా ఊళ్లె పాడుబడ్డ బావిల పూడిక తియ్యాలంటే ముందు తాడుకు లాంతరు కట్టి లోపలికి దించేటోళ్లు. లాంతరు ఆరితే ఆ పూట ఎవ్వరినీ దిగనిచ్చేటోళ్లు కాదు. బావి అడుగున చేరే చెడుగాలిల మనిషిని పడగొట్టేది చాలాసార్లు ఇదే గ్యాస్. నీ గ్లాసుల దీపం ఆరినప్పుడు ఆ బావి యాదికి తెచ్చుకో.

ఇగ మీ ఇంటి నేల చూడు. హాల్ల షాబాద్ బండలున్నయి గద. పెరట్ల పడేసిన బండ ముక్క మీద నిమ్మరసం చుక్క వెయ్యి. హాల్ల వెయ్యకు, నునుపు పోయి మచ్చ పడుతది, మీ అమ్మ నన్నంటది. చుక్క చుట్టూ సన్నని బుడగలు లేస్తయి. సోడా వెయ్యకుండనే! ఆ బండ సున్నపురాయి, దాని లోపల గూడ అదే కార్బన్ డయాక్సైడ్ కట్టుబడి ఉన్నది. అదే చుక్క నల్లగొండల లతీఫ్ సాబ్ గుట్ట రాయి మీద వేస్తే ఏమీ కాదు, అది గ్రానైట్. కృష్ణ ఒడ్డుకు వాడపల్లి, దామరచర్ల దిక్కు పోతే మళ్ల సున్నపురాయి వస్తది. అక్కడ సిమెంట్ ఫ్యాక్టరీలు పెట్టింది ఆ రాయి కోసమే. ఒక్క నిమ్మకాయ చేతుల ఉంటే జిల్లా నేలనంతా చదువుకుంట పోవచ్చు.

నిజానికి నిన్ను చెయ్యమని నేను అడిగేది అగ్నిపర్వతం కాదు, ఇంకొకటి. మంగలి షాపుల గడ్డం గీసినంక రుద్దే పటిక తెలుసు గద. కుంకుడుకాయంత ముక్కను దంచి అర గ్లాసు నీళ్లల్ల కరిగించు. ఇంకో గ్లాసుల అర చెంచా సోడా కలుపు. ఆ సోడా నీళ్లను పటిక నీళ్లల్ల కొంచెం కొంచెం పొయ్యి. ఇదీ పొంగుతది, అదే గ్యాస్. కానీ పొంగు అణిగినంక నీళ్లల్ల విరిగిన పాల లెక్క తెల్లటి తునకలు పుడుతయి. కదిలించకుండ అరగంట ఉంచు. తునకలు ఒకదాన్నొకటి పట్టుకొని, దూదిపింజెల్లెక్క బరువెక్కి, అడుగుకు దిగుతయి. మీద నీళ్లు తేటగ నిలుస్తయి. ఆ నీళ్లు తాగొద్దు, చూడు అంతే.

ఆ దూది ఏందో చెప్త విను. దేవరకొండ దిక్కు ఒక బడిల నేను పనిచేసేటప్పుడు, నా క్లాసుల ఆడపిల్లలు నవ్వితే నోటికి చెయ్యి అడ్డం పెట్టుకునేటోళ్లు. పండ్ల మీద గోధుమరంగు చారలు. వాళ్ల తాతలు నడుము వంగి, మెడ తిప్పరాక, పక్కకు చూడాలంటే మనిషంతా తిరిగేటోళ్లు. బోరు నీళ్లల్ల ఫ్లోరైడ్. లీటరుకు ఒకటిన్నర మిల్లీగ్రాములు దాటొద్దని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్తది. మర్రిగూడ, నాంపల్లి, మునుగోడు దిక్కు ఎన్నో ఊర్ల నీళ్లు ఆ గీత దాటినయి. అక్కడి రాళ్లల్లనే ఉన్నది ఆ ఫ్లోరైడ్, నీళ్లు లోతుకు పోయినకొద్దీ కరిగి వస్తది.

నాగపూర్‌ల ఉండే నీరి అనే జాతీయ సంస్థ శాస్త్రవేత్తలు 1970ల్ల దీనికొక ఉపాయం తయారు చేసిన్రు. నీళ్లల్ల పటిక, సున్నం, బ్లీచింగ్ పౌడర్ కలిపి, తిప్పి, తేరనిచ్చి, వడగట్టుడు. బోరు నీళ్లల్ల సోడా జాతి బైకార్బొనేట్ ముందే కరిగి ఉంటది. పటిక దాంతో కలిసినప్పుడు జరిగేది నీ గ్లాసుల జరిగేదే. అది చాలకుంటే సున్నం తోడు వస్తది. పుట్టిన తెల్లటి దూది ఫ్లోరైడ్‌ను పట్టుకొని అడుగుకు తీసుకపోతది. మొత్తం పోదు, కానీ తగ్గుతది. ఆ పద్ధతికి పెట్టిన పేరు నల్లగొండ టెక్నిక్. టాంజానియా, ఇథియోపియా దాక పోయి అక్కడి పల్లెల్ల నీళ్లను గూడ ఈ పేరుతోనే శుద్ధి చేసిన్రు. మన కష్టానికి గుర్తుగ మన ఊరి పేరు పుస్తకాలకు ఎక్కింది. తలుచుకుంటే నాకు గర్వమూ వస్తది, కండ్ల నీళ్లూ వస్తయి. ఇప్పుడు నల్లాల కృష్ణ నీళ్లు వస్తున్నయి, నీ పండ్లు తెల్లగున్నయి. అది చిన్న సంగతి కాదు బిడ్డా.

ఇగ భయం సంగతి. మూతబెట్టిన సీసాల ఈ ఆట ఎన్నడూ ఆడొద్దు. చెంచా నిండ, అంటే అయిదు గ్రాముల సోడా, సరిపోను పులుపు తగిలితే లీటరుకు పైన గ్యాస్ పుడుతది. అర లీటరు సీసాల అదెక్కడ పడుతది? గోలీ సోడా సీసాల గోలీని మూతికి అదిమిపట్టేది ఈ గ్యాసే, అందుకే ఆ సీసా అంత మందం. ఒకసారి నేను పక్క గదికి పోయొచ్చేలోపల ఒక పిల్లగాడు మందు సీసాకు బిరడా బిగించిండు. గాజు పెంకు కనుబొమ్మ మీద తగిలింది. కంటికి వెంట్రుకవాసిల తప్పింది. వాన్ని ఒక్కన్ని వదిలి పోయింది నేను. ఆ నెత్తురు తుడిచిన కొంగు ఇప్పటికీ నాకు యాదికుంటది. బాత్రూమ్ కడిగే యాసిడ్‌ను, బ్లీచింగ్ పౌడర్‌ను అసలు ముట్టకు. ఆ రెండూ కలిస్తే వచ్చేది క్లోరిన్, ఊపిరి తీస్తది. తినే వస్తువులతో, నేను చెప్పిన పటికతో మాత్రమే చెయ్యి, గాజు గ్లాసు కడిగి చెయ్యి, పెద్దోళ్లు ఇంట్ల ఉన్నప్పుడు చెయ్యి.

ఒక నోటుబుక్కు పెట్టుకో. ఎంత చింతపండు, ఎంత సోడా, ఎంతసేపు పొంగింది, అన్నీ రాయి. అనుకున్నట్టు కాకపోతే అది గూడ రాయి, కొట్టెయ్యకు. నా పాత బుక్కులల్ల నేను ఎక్కువసార్లు తిరిగి చదువుకునేవి ఆ తప్పిన పేజీలే.

శనివారం పొద్దుగాల బస్సుకు వస్తున్న. పటిక నేను తెస్త. రెండు గాజు గ్లాసులు కడిగి బోర్లించి పెట్టు. మీ ఇంటి వెనక బోరు నీళ్లు ఒక సీసాల పట్టిపెట్టు, నల్లా నీళ్లు ఇంకో సీసాల. దేంట్ల దూది ఎక్కువ దిగుతదో ఇద్దరం కూసోని చూద్దాం.

మీ అమ్మమ్మ