ఏడు రోజుల గడువు

లంచానికి తెలుగులో ఉన్న పేర్లలో నన్ను ఎప్పుడూ ఆపేసే మాట 'మామూలు'. ఇవ్వకపోవడమే వింత అన్నమాట. ఆమ్యామ్యా, చెయ్యి తడపడం, చాయ్ ఖర్చులు... వీటన్నిటిలోనూ పుచ్చుకునేవాడి మీద కాస్త వెటకారం, ఇచ్చుకునేవాళ్ళ మీద కాస్త జాలి వినిపిస్తాయి. రావిశాస్త్రి 'ఆరు సారా కథలు' చదివినవాళ్ళకి ఈ జాలి ఎక్కడినుంచి వస్తుందో తెలుసు. అక్కడ చట్టం చేతికి ముందు చిక్కేది పేదవాళ్ళే.

చట్టం మాత్రం ఆ జాలిని వదిలేసింది. 1988 నాటి అవినీతి నిరోధక చట్టాన్ని 2018లో సవరించి, లంచం ఇవ్వడాన్ని నేరుగా నేరం చేశారు. శిక్ష ఏడేళ్ళ దాకా. బలవంతం మీద ఇచ్చినవాళ్ళకి మినహాయింపు ఉంది, కానీ ఇచ్చిన ఏడు రోజుల్లోగా పోలీసులకో దర్యాప్తు సంస్థకో చెప్పుకోవాలి. ఇచ్చినవారి వాంగ్మూలానికి అంతకుముందు రక్షణగా ఉన్న 24వ సెక్షన్‌ని తీసేశారు. ఇచ్చేవాళ్ళుంటేనే కదా పుచ్చుకునేవాళ్ళుండేది అనే వాదన వినడానికి బాగానే ఉంటుంది. ఏం ఇచ్చారు, ఏ స్థితిలో ఇచ్చారు అని అడిగేదాకా.

కొండాపూర్‌లో మా అపార్ట్‌మెంట్లో నాలుగిళ్ళలో పనిచేసే ఒకావిడ కొన్నేళ్ళ కిందట ఒంటరి మహిళల పింఛను కోసం తిరిగింది. తెలంగాణలో 2017లో వచ్చిన పథకం అది. మొదట నెలకి వెయ్యి, 2019 నుంచి 2016 రూపాయలు. మొగుడు వదిలేశాడని చెబితే చాలదు, ఏడాదికి పైగా విడిగా ఉంటున్నట్టు ఎవరో నిర్ధారించాలి. ఆ నిర్ధారించేవాడు ముందు డబ్బడిగాడు. "పైసల్లేవు సార్ అన్న. పైసలే కావాల్నని ఎవరన్నరు అన్నడు మేడం" అని చెప్పి, గిన్నెలు బోర్లించి వెళ్ళిపోయింది. ఆ తర్వాత ఏం జరిగిందో ఆమె చెప్పలేదు. నేను అడగలేదు. పింఛను మాత్రం వచ్చింది.

ఇదంతా సైబర్ టవర్స్‌కి కూతవేటు దూరంలోనే. 1998లో ఆ భవనం ప్రారంభమైన రోజుల్లో మనకి చెప్పిన కథ గుర్తుందా? అధికారికీ పౌరుడికీ మధ్య కంప్యూటర్ పెడితే ఇక చెయ్యి చాచడానికి చోటుండదని. అదే ఏడాది రిజిస్ట్రేషన్ ఆఫీసుల్లో 'కార్డ్' వచ్చింది, 2001లో ఈ-సేవ, 2011లో మీసేవ. కరెంటు బిల్లు కోసం పూట పూటంతా నిలబడ్డ ఆడవాళ్ళకి ఈ-సేవ నిజంగానే ఊపిరి పోసింది, దాన్ని తీసిపారేయను. కానీ 'కార్డ్' మీద జొనాథన్ కేస్లీ 2004లో ఎకనామిక్ అండ్ పొలిటికల్ వీక్లీలో రాసిన వ్యాసం చూడండి. దస్తావేజు రాసేవాళ్ళ చేతుల మీదుగా లంచాలు ఎప్పటిలాగే నడిచాయి. కంప్యూటర్ కాగితాన్ని అచ్చు వేస్తుంది. ఒకామె ఒంటరిదా కాదా అన్నది తేల్చడానికి మాత్రం మనిషే వస్తాడు, ఆమె గుమ్మం ముందుకి వచ్చి నిలబడతాడు.

ఆ మనిషి అడిగేది ఎప్పుడూ డబ్బే కాదని ఆడవాళ్ళకి కొత్తగా చెప్పాలా? ట్రాన్స్‌పరెన్సీ ఇంటర్నేషనల్ 2020లో పదిహేడు ఆసియా దేశాల్లో సర్వే చేస్తే, ప్రభుత్వ సేవ కోసం లైంగికంగా లొంగమన్న అనుభవం తమకో తెలిసినవాళ్ళకో ఉందని ఏడుగురిలో ఒకరు చెప్పారు. మన చట్టంలోనూ ప్రతిఫలం అంటే డబ్బు మాత్రమే కాదని రాసి ఉంది. అంటే అలా అడిగినవాడిని పట్టుకోవచ్చు. మంచిదే. అయితే అదే నిర్వచనం ఇచ్చినవాళ్ళ సెక్షన్‌కీ వర్తిస్తుంది కదా! అక్షరం పట్టుకుని చదివితే, ఎనిమిదో రోజున నోరు విప్పిన స్త్రీ బాధితురాలా, లంచమిచ్చిన నేరస్తురాలా? ఏ స్త్రీ అయినా తన దేహాన్ని 'ఇచ్చింది' అని రాసే ముందు సమ్మతి అనే మాటకి అర్థం చెప్పాల్సిన బాధ్యత చట్టానికి లేదా? తనకి హక్కుగా రావాల్సినదాని కోసం లొంగినప్పుడు అది ఇవ్వడం కాదు, గుంజుకోబడటం.

ఏసీబీ పట్టుకునే తీరు కూడా డబ్బు చుట్టూనే అల్లుకుని ఉంది. నోట్లకి ఫినాఫ్తలీన్ పొడి రాస్తారు, తీసుకున్నవాడి వేళ్ళు సోడియం కార్బొనేట్ నీళ్ళలో ముంచితే గులాబీ రంగు తేలుతుంది. ఆమె దగ్గర పొడి రాయడానికి నోటేదీ?

2011లో ఆర్థికవేత్త కౌశిక్ బసు ఒక ప్రతిపాదన చేశారు. న్యాయంగా రావాల్సిన పని కోసం వేధింపు భరించలేక ఇచ్చే లంచాన్ని, ఇచ్చినవారి వరకు నేరం కాకుండా చేయాలనీ, పట్టుబడితే ఆ డబ్బు వాళ్ళకి తిరిగి ఇప్పించాలనీ. లంచాన్ని మరింత మామూలు చేస్తుందని చాలామంది మండిపడ్డారు. నేను ఆయన వైపే, సగం దూరం వరకు. హక్కు కోసం ఇచ్చేవారినీ, అక్రమ లాభం కోసం ఇచ్చేవారినీ వేరు చేయాలన్నది సరైన మాట. తిరిగి ఇప్పించడం దగ్గరే ఆగిపోతాను. నోటుకైతే తిరిగి రావడం ఉంటుంది.

చట్టానికి దయ చూపడం రాదని కాదు. కంపెనీ తరఫున ఎవరైనా లంచమిస్తే, అలా జరక్కుండా తగిన ఏర్పాట్లు చేసుకున్నామని ఆ కంపెనీ రుజువు చేసుకునే అవకాశం తొమ్మిదో సెక్షన్‌లోనే ఉంది. హైటెక్ సిటీలో ఏ పెద్ద సంస్థకైనా ఆ పని చూడటానికి ఒక విభాగం, దానికో అధికారి, ఏటా శిక్షణా ఉంటాయి. ఆ ఆఫీసుల్లో పనిచేసేవాళ్ళ ఇళ్ళలో గిన్నెలు తోమే మనిషికి ఏడు రోజులున్నాయి. ఆ ఏడు రోజుల్లో ఆమె తనని తాను సముదాయించుకోవాలి, పిల్లలకి తెలియకుండా దాచాలి, పనికి రావాలి, మళ్ళీ ఒక ఆఫీసు మెట్లెక్కి మరో మగ అధికారికి అదంతా చెప్పాలి.

ఈ నేరానికి పేరు పెట్టిన ప్రయత్నం మన దేశంలో ఒకటి జరిగింది. 2018 డిసెంబరులో జమ్ము కశ్మీర్‌లో గవర్నర్ పాలన కింద, అధికారాన్ని అడ్డుపెట్టుకుని లైంగికంగా లొంగదీసుకోవడాన్ని ప్రత్యేక నేరంగా అక్కడి రణబీర్ శిక్షాస్మృతిలో చేర్చారు. 2019లో ఆ స్మృతే రద్దయింది, దానితో పాటు ఆ సెక్షనూ. 2023లో భారతీయ న్యాయ సంహిత రాసినప్పుడు దాన్ని ఆ పేరుతో తిరిగి తీసుకోలేదు.