తెల్ల గౌను దాచినది

ఆస్ట్రియా నృత్యదర్శకురాలు ఫ్లోరెంటినా హోల్జింగర్ ప్రదర్శన ‘టాన్జ్’ గురించి మొదలుపెట్టగానే మా మేనత్త మొహం చిట్లించింది. ఏళ్ల తరబడి కూచిపూడి నేర్పుతున్న మనిషి.

“ఒంటి మీద నూలుపోగు లేకుండా బాలేనా? ఆహార్యమూ అభినయమేనే. నాలుగింటిలో ఒకటి పీకేస్తే పాత్ర ఎలా నిలుస్తుంది?”

“ఆ ఆహార్యం ఎందుకు పుట్టిందో చూడండి అత్తయ్యా. 1832లో పారిస్‌లో ‘లా సిల్ఫీడ్’ బాలే ఆడినప్పుడు గాలికన్య పాత్రలో మేరీ టాల్యోనీ పల్చటి తెల్ల గౌనులో, మునివేళ్ల మీద, నేల తాకనట్టే కనిపించింది. తోటి గాలికన్యల్ని తీగలు కట్టి గాల్లోకి లేపారు. ఆ తీగా కనపడకూడదు, చెమటా కనపడకూడదు. అదే ఆపెరాలో డబ్బున్న చందాదారులు తెర వెనక్కి వెళ్లి అమ్మాయిల్ని దగ్గర్నుంచి చూసేవాళ్లు. గౌను దాచింది కష్టాన్నే గానీ ఒంటిని కాదు.”

అత్తయ్య ఒప్పుకోలేదు. నర్తకి ఎమ్మా లివ్రీ సంగతి చెప్పాను. 1862లో రిహార్సల్లో గ్యాసు దీపం అంటుకుని ఆమె గౌను భగ్గుమంది. నిప్పంటుకోకుండా మందులో ముంచిన బట్ట అప్పటికే ఉంది. బిరుసుగా ఉంటుందని ఆమె వద్దంది. ఎనిమిది నెలలు నరకం అనుభవించి 20 ఏళ్లకే పోయింది.

“అయ్యో పిల్ల!” అంది అత్తయ్య. కాసేపాగి, “సరే, కష్టం చూపించడానికి బట్టలెందుకు విప్పాలి?”

“2019 నాటి ఈ ప్రదర్శనలో మొదట బాలే పాఠం జరుగుతుంది. గురువు బియాట్రిస్ కోర్డువా, అప్పటికే డెబ్బై దాటినావిడ. 1972లో జాన్ నాయ్‌మయర్ బాలే ‘ల సాక్ర’లో నగ్నంగా నర్తించింది ఆవిడే. ఇందులోనూ ఒంటి మీద ఏమీ లేకుండానే అమ్మాయిల మధ్య తిరుగుతూ వాళ్ల ఒళ్లు పరీక్షిస్తుంది. దిద్దడం ఎక్కడ ఆగిందో, తడమడం ఎక్కడ మొదలైందో తెలియక చూసేవాళ్లకి ఇబ్బంది. బట్టలుంటే ఆ ఇబ్బంది తప్పించుకునేవాళ్లం. పైగా పారిస్ ఆపెరాలో నర్తకులకు 42కే రిటైర్మెంట్. అంత వయసు ఒంటిని బాలే వేదిక మీద ఎప్పుడు ముందు నిలబెట్టింది?”

“ఆ తరవాత?”

“చర్మంలోకి కొక్కేలు గుచ్చి ఒకామెను పైకి లేపుతారు. 1832లో దాచిన తీగను ఇక్కడ దాచలేదు.”

“చూపించేస్తే ఆ నొప్పి న్యాయమైపోతుందా? టికెట్టు కొన్నవాడు అప్పుడూ చూశాడు, ఇప్పుడూ చూస్తున్నాడు.”

ఈ మాటకి బలముంది. అయినా అన్నాను: “వేదిక మీదున్నవాళ్లంతా ఆడవాళ్లే. హోల్జింగరూ వాళ్లతోపాటే నగ్నంగా ఉంటుంది. కొక్కెం వాళ్ల నిర్ణయం.”

“గౌను కూడా లివ్రీ నిర్ణయమేనని నువ్వే చెప్పావుగా.”

“ఆ గౌను కాదంటే వేదిక మీద ఇంకోలా నిలబడే దారి ఆమెకు ఎవరు చూపించారు అత్తయ్యా? కోర్డువాకు ఆ దారి ఉంది.”

అత్తయ్య చాలాసేపు ఆలోచించింది. “ఆ పెద్దావిడ పాఠం వరకూ కూర్చుంటాను. కొక్కేలు తెచ్చాక మాత్రం లేచి వచ్చేస్తాను.”