బసవ నామము: తల వంచుట, తల యూపుట

నామము వేరు, నామి వేరు అని తార్కికులందురు. లోకవ్యవహారమున మాత్రము ఈ రెండును విడివడుట లేదు. పేరు పలికినంతనే మనుష్యుడు కన్నులయెదుట నిలుచును. మనుష్యుని నడత చెడినచో పేరునకును మచ్చ వచ్చును. అట్లయిన పేరునకు అర్థము ఎక్కడినుండి వచ్చుచున్నది? పుట్టిన మూలపదమునుండియా? పెట్టిన తల్లిదండ్రుల తలంపునుండియా? లేక ధరించినవాని బ్రతుకునుండియా? ఈ ప్రశ్న నాకు గ్రంథములలో ఎదురైనది కాదు, తరగతి గదిలో ఎదురైనది. అందు నా దోషమును గలదు గనుక ముందుగా దానిని విన్నవింతును.

ఒకనాడు తొమ్మిదవ తరగతిలో జాతీయములు బోధించుచు "డూడూ బసవన్న" అను మాటను నల్లబల్లపై వ్రాసితిని. ఎవరేమి చెప్పినను తల యూపువాడని అర్థము చెప్పితిని. తరగతియంతయు ఒక బాలునివైపు తిరిగి నవ్వెను. వాని పేరు బసవ శబ్దముతో మొదలగును. వాని మెడలో లింగము గలదు. నా మెడలోను గలదు. అయినను ఆ క్షణమున నాకేమియు తోచక నేనును చిఱునవ్వు నవ్వితిని. వారము దినములకు వాని తండ్రి వచ్చెను. "సారూ, పోరడు బడికి పోనంటుండు. పదో తరగతి కాయితాలల్ల ఎక్కకముందే పేరు మార్చి రాయుండ్రి" అనెను. కొంతసేపు ఊరకుండి, "మా తాత పేరు సారూ అది" అని తల వంచుకొనెను.

ఆ పేరు పుట్టుక నెఱిగియు తరగతిలో చెప్పకపోతినే యని నాకు సిగ్గు కలిగెను. సంస్కృతమున వృషభము, ప్రాకృతమున వసహము, కన్నడమున బసవ. ఇది తద్భవము. 13వ శతాబ్దివాడైన పాల్కురికి సోమనాథుడు తన శతకమునకు వృషాధిప శతకమని పేరిడి, మకుటమున బసవ నామమును వృషాధిప నామమును పక్కపక్కన నిలిపెను. వృష శబ్దమునకు ఎద్దు అనియే కాక ధర్మమనియు అర్థము గలదు. అమరకోశము దానిని పుణ్య పర్యాయములలో చేర్చినది. ఋషభ శబ్దమునకును ఎద్దు అనియే అర్థము. జైనుల ప్రథమ తీర్థంకరుడు ఋషభనాథుడు. ఆయన లాంఛనము వృషభము. ఆయన కుమారుడైన బాహుబలి పోదనపురము నేలెనని జైనుల కథ. ఆ పోదనము మన బోధనే యని పలువురు చరిత్రకారుల మతము. ఎద్దు పేరును తలదాల్చుటకు ఆ మహనీయు లెవ్వరును సిగ్గుపడలేదు.

ఇచ్చట ఒక హెచ్చరిక యవసరము. బోధన్ అనగా బోధన జరిగిన చోటని మనవారు కొందఱు సంబరపడుదురు. వినుటకు ఇంపుగానే యుండును. కాని ప్రాచీన రూపము పోదనము. బోధన శబ్దముతో దానికి గల చుట్టఱికము చెవికి తోచునది మాత్రమే. అట్లే బ, స, వ అను మూడక్షరములను విడదీసి ఒక్కొక్క దానికి తత్త్వార్థము చెప్పుట మన సంప్రదాయమున గలదు. అది భక్తునికి ధ్యానము. దానిని పద చరిత్రయని పిల్లలకు నేర్పుట తగదు. గౌరవము పెంచుటకు అసత్యము నాశ్రయించినచో ఆ గౌరవము నిలువదు.

సత్యమైన చరిత్ర యెంత గొప్పదో మన బోధన్ ప్రక్కనున్న శక్కర్‌నగరమును చూచిన తెలియును. సంస్కృత శర్కర శబ్దమునకు గులకయిసుక యని యొక యర్థము. దానినుండి ప్రాకృతమున సక్కర, మన నోట చక్కెర, పారసీకమున శకర్, ఉర్దూలో శక్కర్, అరబ్బీ మీదుగా ఆంగ్లేయుల షుగర్. 1937లో స్థాపితమైన నిజాం షుగర్ ఫ్యాక్టరీ పేరును, దానిచుట్టు వెలసిన ఊరి పేరును ఒకే మాట. గరగరలాడు ఇసుకను దెలుపు శబ్దమునకు తీపి అర్థమెట్లు వచ్చెను? చెఱకు నాటినవాడు, నఱికినవాడు, బండి లాగిన ఎద్దు, రసము కాచినవాడు, వీరందఱి చెమటవలన వచ్చెను. 2015 డిసెంబరులో ఆ కర్మాగారము మూతపడెను. నాడు ఊరి పేరు చెక్కు చెదరలేదు; తీపి మాత్రము కార్మికుల యిండ్లనుండి పోయెను. మూలపదము అర్థమునకు విత్తనము మాత్రమే. పని దానికి నీరు. పని నిలిచిన యెడల పేరు పలకపై వ్రాతగా మిగులును.

శరణులకిది తెలియును. మడివాళ మాచయ్య, అంబిగర చౌడయ్య, మేదర కేతయ్య, నులియ చందయ్య: బట్టలుదుకుట, పడవ నడుపుట, బుట్టలల్లుట, నులక పేనుట వారి పేర్లయందే నిలిచినవి. లోకము హీనమని యెంచిన మాటలను వారు దాచలేదు, మార్చుకొనలేదు. కాయకముచేత వానికి క్రొత్త అర్థమిచ్చిరి. నేడు ఆ మాటలను మఠములలో చేతులు జోడించి పలుకుచున్నాము.

మఱి బసవ నామమునకు తల యూపువాడను అర్థమెట్లు అంటెను? గంగిరెద్దులవారు తమ యెద్దును బసవన్నా యని పిలిచి, సన్నాయి యూది, అడిగిన ప్రతిదానికి తల యూపింతురు. ఆ యాటనుండి జాతీయము పుట్టినది. కాని ఆ నామధారియైన మహాపురుషుని చరిత్ర యేమి? బాల్యముననే ఉపనయనమునకు ఒప్పుకొనలేదు. బిజ్జలుని కొలువున మంత్రియై యుండియు, హరళయ్య కుమారునకు మధువరసు కుమార్తె నిచ్చిన వివాహమును సమర్థించెను. రాజునకు తల యూపక కల్యాణమును వీడి కూడలసంగమమునకు పోయెనని పరంపర చెప్పుచున్నది. అదే బసవేశ్వరుడు ప్రతి శరణుని పాదములకును తల వంచినవాడు. తల వంచుట వేరు, తల యూపుట వేరు. మొదటిది వినయము, తనకంటె గొప్పదానిని గుర్తించినవాడు చేయునది. రెండవది దాస్యము, లాభమునకో భయమునకో చేయునది.

మఱునాడు తరగతిలో ఈ సంగతులన్నియు చెప్పి, ఆ బాలుని క్షమింపుమని యడిగితిని. వాడు లేచి, "మరి గంగిరెద్దు తల ఎందుకూపుతది సార్?" అనెను. "ముకుతాడు ఉంటది గద బిడ్డా, లాగినప్పుడల్లా ఊపుతది" అంటిని. "అయితే ఎద్దు తప్పేముంది సార్?" అనెను. నేను చెప్పవలసిన పాఠమును వాడే చెప్పెను.

పేరు మార్చుకొనుట పాపము కాదు. రూపము నచ్చకయో, పలుకుట కష్టమనియో మార్చుకొనువారిని తప్పుపట్టరాదు. సిగ్గుచేత మార్చుకొనుట మాత్రము పరిహాసము నిజమని ఒప్పుకొనుటయే. నామినల్ రోల్స్ వ్రాయు సమయమున ఆ బాలుడు ముత్తాత పేరునే వ్రాసెను. వానిని మెచ్చుకొని మనము ఊరకుండరాదు. ఆ జాతీయమును నిజము చేయుచున్నవారము పెద్దలమైన మనమే. కొడుకు కట్నము బేరమాడునపుడు తల యూపుదుము. లింగధారులలోనే హెచ్చుతగ్గులు లెక్కించి పంక్తి వేరు చేయునపుడు తల యూపుదుము. అన్యాయమని యెఱిగియు పెద్దమనిషి మాటకు తల యూపుదుము. మనకు ముకుతాడు వేసినవారెవరు? ఆశ యొకటి, భయము రెండవది.

కావున బిడ్డకు బసవ నామమిడు గృహస్థులును, ఆశీర్వదించు మఠములును ఒక్కమాట తలపోయుడు. పేరు పెట్టుట ఒకనాటి పని. దానికి అర్థమిచ్చుట జీవితకాలపు కాయకము. మెడలో లింగమున్నవానికి ముక్కున త్రాడేల?