ముందు ఎవరు దుంకాలె?

వికారాబాద్ జంక్షన్ దగ్గర పట్టాలు రెండుగా చీలతాయి. ఒక దారి జహీరాబాద్, బీదర్ మీదుగా పర్లీకి పోతుంది, ఇంకొకటి తాండూరు మీదుగా వాడీకి. తాండూరు దారిలో ఓ సాయంత్రం బండిలో ఎదురెదురుగా కూర్చున్నారనుకోండి ఇద్దరు. కోడలు వికారాబాద్‌లో డిగ్రీ చదువుతోంది. మేనమామ తాండూరులో నాపరాతి పాలిషింగ్ యూనిట్‌లో పనిచేసి మానేసినవాడు. ఇద్దరూ నేను కల్పించినవాళ్లే. ఆటలు, బండలు, లెక్కలు మాత్రం కల్పితాలు కావు. కల్పిత మనుషుల చేత మాట్లాడించడంలో ఒక సుఖముంది: నేను ఒప్పుకోని మాటల్ని కూడా వాళ్లు నా కంటే బాగా అనగలరు.

మామ: ఎక్కిన కాన్నుంచి చూస్తున్న బిడ్డా. ఫోన్ల ఆ బొమ్మ దుంకుడు, పడుడు, మల్ల దుంకుడు. గెలుస్తున్నవా, ఓడుతున్నవా?

కోడలు: ఓడుతున్న మామా. స్టంబుల్ గైస్ ఇది. ముప్పై రెండు మందితోని మొదలైతది. మొదటి రౌండ్‌ల పదహారు మంది పోతరు, రెండో దాంట్ల ఎనిమిది మంది. మిగిలిన ఎనిమిది మందిల ఒక్కనికే కిరీటం.

మామ: ఇసొంటిది నేను టీవీల చూసిన. పోగో ఛానెల్‌ల తకేషీస్ క్యాసిల్ అని వచ్చేది, జావేద్ జాఫ్రీ మాటలు చెప్పేటోడు. నీళ్లల్ల రాళ్లుంటయ్. కొన్ని గట్టివి, కొన్ని కాలు వెడితే మునుగుతయ్. ఏది ఏదో పైకి కనవడదు.

కోడలు: దీనికి తాత అదే. జపాన్‌ల 1986ల మొదలైన ప్రోగ్రామ్. అసొంటివి చూసే ఇంగ్లండోళ్లు ఫాల్ గైస్ తయారు చేసిండ్రు. 2020 ఆగస్టుల వచ్చింది, అప్పుడు ఒక్కో ఆటల అరవై మంది. ఆ పోలికతోనే స్టంబుల్ గైస్ మన ఫోన్లల్లకు వచ్చింది.

మామ: మరి గెలిచే ఉపాయం ఏంది?

కోడలు: మొదటి రౌండ్‌ల ఫస్ట్ రావాలని ఉరకొద్దు. ఫస్ట్ వచ్చినోనికీ పదహారో వానికీ దక్కేది ఒక్కటే, ఇంకో రౌండ్. ఊగే సుత్తెల కింద, గుంపు నడుమ ఇరుక్కునేటోళ్లు ఎక్కువ జల్ది పడ్డోళ్లే. అక్కడ కావాల్సింది పడకుండ పోవుడు. ఆఖరి రౌండ్‌కు వచ్చినంక ఇగ రెండో స్థానానికి కూడ విలువ లేదు. ఒకే ఆటల రెండు గుణాలు కావాలె, ఒకదాని జాగల ఇంకొకటి వాడినోడు పోతడు.

మామ: ఓపిక ముందు, తెగింపు తర్వాత.

కోడలు: లెక్క జూడు. అందరు సమానం అనుకుందాం. రెండు రౌండ్లు సగం సగం, ఆఖరిది ఎనిమిదిల ఒకటి. మొత్తం ముప్పై రెండుల ఒకటి, నూటికి మూడు. ఇప్పుడు నేను ఆఖరి రౌండ్ ఒక్కటే మస్తు నేర్చుకొని ఎనిమిదిల ఒకటిని నాలుగుల ఒకటి చేసుకున్న అనుకో. నూటికి ఆరుంబావు అయితది. అట్ల గాకుండ మొదటి రెండు రౌండ్లల్ల సగాన్ని ముప్పావు చేసుకుంటే? నూటికి ఏడు. ఎవ్వరు మెచ్చని పని తోటి ఎక్కువ ఫలం.

మామ: లెక్క బాగుంది గని ఒక లొసుగుంది. రెండు సార్లు జల్లెడ పట్టినంక మిగిలేటోళ్లు గట్టోళ్లు. వాళ్లల్ల నీకు ఎనిమిదో వంతు ఎవడిస్తడు?

కోడలు: ఒప్పుకుంట. కానీ ఇంకొక లెక్క ఇను. సమానమైనోళ్లు ముప్పై రెండు ఆటలు ఆడితే, నూటికి ముప్పై ఆరు మంది ఒక్కటి కూడ గెలవరు. వాళ్ల తప్పేం లేకుండనే.

మామ: ఆ ముప్పై ఆరు మంది మాకు చేతగాదు అనుకుంటరు.

కోడలు: ఫోన్ పక్కకు విసురుతరు. మా అన్న లెక్క.

మామ: సరే, అన్నిట్ల కష్టమైనది ఏది?

కోడలు: నాకైతే హనీ డ్రాప్. ఫాల్ గైస్‌ల దాన్ని హెక్స్-ఎ-గాన్ అంటరు. తేనెపట్టు లెక్క ఆరు మూలల పలకలు. కాలు వెట్టిన పలక కొద్దిసేపట్ల మాయం. దాని కింద ఇంకో పొర, దాని కింద ఇంకోటి. ఆఖరి పొర కింద ఏం లేదు. ఎవడు అందరి కంటె ఎనక పడితే వాడు గెలిచినట్టు.

మామ: నిలవడితే మాయమయ్యే నేల మీద నిలిచుడెట్ల?

కోడలు: నిలవొద్దు, ఉరకొద్దు. ఉరికినోడు ఉరికినంత సేపు పలకల్ని తింటనే ఉంటడు. ఆరితేరినోళ్లు ఒక్క పలక మీద దుంకి, అది పోయే లోపల పక్కదాని మీదికి దుంకి, ఒక్కొక్కటే పొదుపుగ వాడుకుంటరు. మందల కలవరు. పది మంది ఉన్న కాడ నేల పదింతలు జల్ది పోతది. ఇగ పడక తప్పదంటే, కింద ఎక్కడ నిండుగ ఉన్నదో చూసి అక్కడ పడతరు.

మామ: నాపరాయి గని గిట్లనే ఉంటది. పరుపులు పరుపులుగ వచ్చే రాయి అది. నీలం, పసుపు, ఒక పొర లేపితే దాని కింద ఇంకొకటి. దేశమంతట ఇండ్లల్ల పరిచేది మన కాళ్ల కిందిదే. మనం నిల్చున్న నేలనే కోసి, సాపు చేసి, అమ్ముకుంటం. రాయి అయిపోయిన గుంతల నీళ్లు నిలుస్తయ్.

కోడలు: అయితే నీకు ఇది జల్ది సమజైతది. కొందరు కావాలనే ముందుగాల అడుగుకు దిగుతరు. పైన అందరు ఒక్కో పలక లెక్కవెట్టుకుంట జాగ్రత్తగ ఆడుతుంటే, వీడు ఆఖరి పొరను తొక్కి తొక్కి మాయం చేస్తడు. తనకు ఓ మూల కొంచెం జాగ ఉంచుకుంటడు. పైనోళ్లు పడేసరికి కింద వట్టిదే.

మామ: ఇది తప్పు గాదా?

కోడలు: రూల్స్‌ల తప్పు లేదు. ఆటల ధర్మం అంటే రూలే మామా. బయటి ధర్మం లోపలికి తెస్తే పులి-మేక ఆటల పులి మేకను తినొద్దు.

మామ: బాగన్నవ్. కానీ పులి తింటదని మేకలు ఆడేటోనికి ముందే ఎర్క. ఈడ పైనున్నోనికి కింద ఏమైతున్నదో కనవడుతదా?

కోడలు: కనవడుతది. సందులల్లకెల్లి కనవడుతది. చూడరు, అంతే.

మామ: చూడనోనిదే తప్పంటవ్.

కోడలు: అంట. గెలిచుడుల సగం కిందికి చూసుడే.

(ఇక్కడ నేను మామ పక్షం. చూడనివాడిది పొరపాటు కావచ్చు. అడుగు పొరను తుడిచిపెట్టినవాడిది నిర్ణయం. రెంటినీ ఒకే తక్కెడలో వేయడం నాకు నచ్చదు. కానీ కోడలు నన్ను అడగలేదు.)

మామ: నువ్వు చూపించిన కొరియా సీరియల్‌ల గాజు వంతెన ఉండె సూడు. అది చూసినంక నాకు నిద్ర పట్టలే.

కోడలు: స్క్విడ్ గేమ్. 2021 సెప్టెంబర్‌ల వచ్చింది. నాలుగు వందల యాభై ఆరు మందితోని మొదలై, ఆ వంతెన కాడికి పదహారు మంది మిగులుతరు. పద్దెనిమిది జతల గాజు పలకలు. జతల ఒకటి గట్టిది, ఒకటి పగిలేది. ఏ ఆటనో చెప్పకుండనే ముందుగాల నంబర్లు ఎంచుకోమంటరు.

మామ: ఒకటో నంబర్ తీసుకున్నోని సంగతి?

కోడలు: పద్దెనిమిది సార్లు సరిగ్గ ఊహించాలె. 2,62,144ల ఒక్క వంతు. ఇగ మొత్తానికి చూస్తే, ఒక్కో జత సగం సార్లు ఒక పానం తీసుకుంటది. అంటే సగటున తొమ్మిది మంది. తొమ్మిదో నంబర్ వాడు బతికే వీలు నూటికి నలభై ఒకటి, పదో నంబర్ వానికి యాభై తొమ్మిది. పదహారో వాడు దాదాపు బతికినట్టే.

మామ: పదోవాడు తొమ్మిదోవాని కంటె ఏం తెలివి జేసిండు?

కోడలు: ఏం జెయ్యలే. ఎనక ఉన్నడు. ఏ పలక గట్టిదో ముందలోళ్లు తెలుసుకున్నరు, అది వీనికి ఊకెనే వచ్చింది.

మామ: నీ లెక్క ప్రకారం ఏడుగురు మిగలాలె. సీరియల్‌ల ముగ్గురే మిగిలిండ్రు గద.

కోడలు: గాజు వల్ల గాదు, మనుషుల వల్ల. ఒకడు ముందుకు పోనని నడుమ నిలవడ్డడు. ఒకన్ని ఒకడు నూకిండ్రు. నా లెక్కల నూకుడు లేదు.

మామ: మరి నీ ఫోన్ల ఆటల ఇసొంటి వంతెన లేదా?

కోడలు: ఫాల్ గైస్‌ల టిప్ టో ఉంది. పలకలల్ల కొన్ని ఉత్తయి, కాలు వెడితే పోతయ్. దగ్గరికి పోయి చూస్తే ఉత్త పలక కొంచెం వణుకుతది. అండ్ల పాసయ్యే ఉపాయం అందరికి ముందు ఉండకపోవుడు, మరీ ఎనక పడకపోవుడు. ముందటోడు పడ్డ కాడ గుర్తు పెట్టుకొని వాని ఎనకాలనే పోవాలె. కానీ అక్కడ నగుకుంట ముందుకు దుంకేటోళ్లు ఎప్పుడూ ఉంటరు మామా.

మామ: ఎందుకని?

కోడలు: పడితే పోయేది కొన్ని సెకన్లే. మల్ల మొదటికి వచ్చి ఉరుకుతరు.

మామ: అదే పలక, అదే ఊహ. పడేదానికి వెల తక్కువైతే మనిషి ధైర్యవంతుడు, దానగుణం ఉన్నోడు. వెల పెరిగితే పక్కోన్ని నూకుతడు. అట్లయితే మంచితనం మనిషిల ఉందా, ఓటమి ధరల ఉందా?

కోడలు: రెండిట్ల ఉండొచ్చు గద. పైసలు వెట్టి ఆడే ఆటలు చూడు. తెలంగాణల 2017లనే బంద్ చేసిండ్రు, 2025 ఆగస్టుల దేశమంతటికి చట్టం వచ్చింది. వెల ఎక్కువైన కాడ మనుషులు ఏమైతరో ప్రభుత్వానికి కూడ తెల్సు. అయినా నూకనోళ్లు ఆ వంతెన మీద కూడ ఉన్నరు.

మామ: నిద్ర పట్టలే అన్న గద, చావులకు గాదు. అండ్ల ఒకడు గాజు పనిచేసినోడు ఉంటడు. వెలుతురు పడే తీరు చూసి ఏది గట్టిదో పసిగడతడు. అది చూసి ఆట నడిపేటోడు ఏం జేసిండు? దీపాలార్పిండు.

కోడలు: అవును.

మామ: నేను బండను ఏలితోని కొట్టి చెప్తుంటి, లోపల పగులు ఉన్నదా లేదా. మంచి బండ ఖంగుమంటది, పగులున్నది మొద్దుగ పలుకుతది. ఏండ్లకు ఏండ్లు చేస్తే చెవులకు వచ్చిన విద్య. ఆ విద్య పనికొచ్చే ఒక్క నిమిషంల ఎవడో చెవులు మూస్తే? ఓడగొట్టింది గాజు గాదు, ఆట నడిపేటోడు. గెలిచుడెట్ల అని అడిగేముందు, నేను గెలుస్తుంటే చూసి ఓర్చుకుంటడా వాడు అని అడగాలె.

కోడలు: మాకు దీపాలార్పుడు రోజు ఉంటది. బండి అడవిల పడంగనే సిగ్నల్ పోతది. నేను దుంకిన అనుకుంట, సర్వర్ నేను పడ్డ అనుకుంటది. ఎవనికి ఖరీదైన ఫోన్, ఇంట్ల వైఫై ఉంటదో వానికి పలక కొంచెం ఎక్కువ సేపు ఉంటది. అందుకే గ్రాఫిక్స్ తగ్గించి పెట్టుకుంట, వేరే యాప్‌లు బంద్ చేస్త, ఫోన్ వేడెక్కితే ఆపేస్త. బండిల ఆడేటియి గెలుపు లెక్కల పట్టను.

మామ: మరి బండిల ఎందుకు ఆడుతవ్?

కోడలు: తాండూరు వచ్చేదాక ఏం జెయ్యాలె?

మామ: మేము నేల-బండ ఆడుతుంటిమి. దొంగ నేల మీద, మేము బండల మీద. మన ఊర్ల బండలకు కరువా? కిందికి దిగితే పట్టుకుంటడు. దొరికినోడు ఇంటికి పోడు, దొంగ అయితడు. ఆటల ఉంటనే ఉంటడు. చిన్న పిల్లలు వస్తే ఆటల అరటిపండు, వాళ్లు దొరికినా లెక్క లేదు. మీదాంట్ల ఓడినోడు మాయమైతడు.

కోడలు: మాయమైతే ఏమైంది, కొద్దిసేపట్ల ఇంకో ఆటల ఉంట. అరటిపండ్లు మాకూ ఉన్నరు, బాట్లు అంటరు. మనుషులు తక్కువైతే ఆటనే కలుపుకుంటది. ఇంకొకటి అడుగుత. నేల-బండల ఆడపిల్లల్ని ఆడనిస్తుంటిరా?

మామ: ...చిన్నప్పుడు ఆడనిస్తుంటిమి.

కోడలు: పెద్దైనంక ఎలిమినేట్. ఫోన్ల నన్ను ఎవ్వరు అడగరు మామా, నువ్వెవరు అని.

మామ: సరే, ఆ గాజు వంతెన నీ చేతికిస్తే రూల్ ఏం మారుస్తవ్?

కోడలు: నేను పదో నంబర్ తీసుకుంట, అయిపోయింది.

మామ: అందరికి పదోదే కావాలె. మరి ముందు ఎవరు దుంకాలె?

కోడలు: ఆలోచించనీ. చెడుగుడు రూల్ పెడత. కబడ్డీల అవతలోన్ని ఒకన్ని ఔట్ చేస్తే మనోడు ఒకడు లోపలికి వస్తడు. ఎవరు ముందు పోయిండ్రో వాళ్లే ముందు వస్తరు. వంతెన మీద కూడ, ఒకడు దాటంగనే మొదట పడ్డోడు మల్ల లేవాలె.

మామ: అప్పుడు ఒకటో నంబర్‌కు కొట్లాడుతరు!

కోడలు: కొట్లాడరు. ఒకటో వాడు పడుడు ఖాయం, లేచుడు మాత్రం ఎనకటోళ్లు దాటితేనే. ఎనకటోళ్ల మీద నమ్మకం ఉంటెనే ఎవడన్న ఆ నంబర్ తీసుకుంటడు.

మామ: పడ్డోళ్లు లేస్తుంటే ఆట ఎప్పటికి అయిపోవాలె?

కోడలు: కబడ్డీకి నలభై నిమిషాలు. దీనికీ అంతే పెడదాం.