అడుగక తీసికొనిన కథ

నూరేండ్లకు పైబడిన సంగతి యొకటి ఈ నెల మా మనస్సును విడువకున్నది.

అమెరికా దేశమందు లూ వాలెస్ అను సేనాధిపతి 1880లో ‘బెన్ హర్’ అను నవల వ్రాసెను. యెరూషలేము యువకుడొకడు అన్యాయముగా రోమా ఓడలో తెడ్లు వేయు బానిస యగుట, రథముల పందెము, తుదకు క్రీస్తును ఎరుగుట, ఇదంతయు అందు గలదు. నాటకము వేయుదుమని వచ్చినవారిని వాలెస్ చాలకాలము త్రిప్పి పంపెను. 1899లో సమ్మతించెను గాని, ప్రభువు వేషము ఏ నటుడును వేయరాదనెను. కావున రంగస్థలముమీద ప్రభువునకు బదులు వెలుగు కిరణమును మాత్రమే చూపిరి.

ఆయన 1905లో చనిపోయెను. 1907లో కేలెమ్ అను కంపెనీవారు ఆ కథను మూకీ చిత్రముగా తీసిరి. పావుగంట బొమ్మ. అందులో మాటలు లేవు. అనుమతి అడిగిన మాటయు లేదు! పుస్తకము ప్రచురించిన హార్పర్ వారు కోర్టుకెక్కిరి.

అప్పటి గ్రంథస్వామ్య చట్టములో చలనచిత్రమను మాటయే లేదు. మేము పుస్తకమును అచ్చువేయలేదు, బొమ్మలు తీసితిమి, అంతే. వాటిని ఆడించినవారు వేరు అని కేలెమ్ వారు వాదించిరి. విన్నప్పుడు ఒక్కొక్కటి న్యాయమువలెనే యుండును. తప్పు చేసినవాని నోట సగము నిజము ఎంత చక్కగా పలుకునో! 1911లో ఆ దేశపు సుప్రీంకోర్టు ఒప్పుకొనలేదు. మాటలు లేకున్నను అభినయముతో కథను చూపుట నాటకమాడుటయే అనియు, ఆ పనికేయని ప్రకటించి బొమ్మను అమ్మినవారు తప్పించుకొనజాలరనియు తీర్చెను. కంపెనీవారు 25,000 డాలర్లు చెల్లించుకొనిరి.

నాబోతు ద్రాక్షతోట సంగతి చదువునప్పుడు మనము అహాబును గర్హింతుము. గర్హింపవలసినదే. అయినను అహాబు మొదట వచ్చి అడిగెను, వెలయిచ్చెదననెను. వీరు ఆ మాత్రమైనను చేయలేదు.

క్రీస్తు కథ అందరిది గదా, అడుగుట యెందుకని మన సంఘములలో అనువారు కలరు. సువార్త అందరిదే. ఆ నవలకొరకు ఏండ్ల తరబడి రాత్రులు మేల్కొనినది మాత్రము ఒక మనిషి.

ఇందులో మేమును నిర్దోషులము కాము. క్రిస్మసు పాటల కాగితము వేయించిన ప్రతిసారి అచ్చుకూలి లెక్కించితిమి, కాగితము ఖరీదు లెక్కించితిమి. పాట వ్రాసినవారి పేరునకు చోటు చాలలేదంటిమి. ఇప్పుడు సెల్‌ఫోనులో పాట ఒక్క వ్రేలితో ఊరంతయు తిరుగుచున్నది, పేరు లేకుండనే.

1925లో మెట్రో గోల్డ్విన్ మేయర్ వారు హక్కులు పొంది అదే కథను మరల తీసిరి. ప్రభువు ముఖము అందులోను కనబడదు, చేయి మాత్రమే కనబడును.

ఈ సంవత్సరము కాగితము వేయించకమునుపు ఇద్దరు పాటల రచయితలకు మేము ఉత్తరములు వ్రాసితిమి. ఒకరు జవాబిచ్చిరి. సంతోషముగా పాడుకొనుడి, మూడవ చరణము మాత్రము మార్చకుడి అనిరి. ఆ చరణమును మన సంఘము ఎన్నో ఏండ్లుగా మార్చియే పాడుచున్నది.