మా పేరు ఇంకొకరిది కూడా

మా ఊరి పిల్లవాడొకడు తుర్కయంజాల్‌లో, సాగర్ రోడ్డుకు కాస్త లోపల, ఇంకో ముగ్గురితో కలిసి గది తీసుకుని ఉంటున్నాడు. డిగ్రీ అయిపోయింది. పొద్దున బస్సెక్కి దిల్‌సుఖ్‌నగర్‌లో కోచింగ్‌కు వెళ్తాడు. సాయంత్రం ఎల్బీనగర్ దగ్గర ఒక దుకాణంలో లెక్కలు రాస్తాడు. మా దగ్గరే అయిదో తరగతి దాకా చదివాడు. వాడి పేరు ఇక్కడ రాయడం లేదు. రాస్తే అది వాడి ఒక్కడి మీదే పడదు, ఆ పేరున్న వాళ్లందరి మీదా పడుతుంది. ఈ వ్యాసం దాని గురించే.

ఒక రాత్రి గదిలో పిల్లలు సరదాకి ఎవరి పేరు వాళ్లు ఫోన్లో కొట్టి చూసుకున్నారు. మావాడి పేరు కొడితే ఒకచోట పేరు, పక్కన తుర్కయంజాల్ అని ఊరు, ఒక ఫోన్ నంబరు, దాని కింద నేలలో తేమను కొలిచే సెన్సర్ ఒకదాని పేటెంటు వివరం కనిపించాయట. ఊరు వాడిదే, పేరు వాడిదే. నంబరు వాడిది కాదు. సెన్సర్ సంగతి వాడికి అసలే తెలియదు. ఆ రోజు నుంచి గదిలో వాడిని 'సైంటిస్టు' అని పిలవడం మొదలుపెట్టారు. అంతవరకూ నవ్వులాటే.

తర్వాత పొలాలకు డ్రిప్ సామాను అమ్మే ఒక చిన్న కంపెనీలో ఉద్యోగానికి ఇంటర్వ్యూకు వెళ్లాడు. అక్కడి పెద్దమనిషి వీడి కాగితాలు చూస్తూ, "సెన్సర్ పేటెంటు ఉందిగా మీకు, అది రాయలేదేం?" అన్నాడట. వీడు నవ్వాడు. అవునని అనలేదు. కాదనీ అనలేదు. ఆయన ఇంకో ప్రశ్నలోకి వెళ్లిపోయాడు. బయటికి వచ్చాక మాకు ఫోన్ చేసి, "సార్, నేను అబద్ధం ఆడినట్టా?" అని అడిగాడు.

అప్పుడు మా దగ్గర జవాబు లేదు. ఆలోచించి చెప్తాం అన్నాం. ఆలోచిస్తున్నకొద్దీ ఆ ప్రశ్న వాడి ఒక్కడిదిగా కనిపించడం మానేసింది.

ఆ మూడు సంగతుల్లో తప్పేదీ లేదు, గమనించండి. తుర్కయంజాల్‌లో ఆ పేరుగల మనిషి ఉన్నాడు. ఆ ఫోన్ నంబరు ఆ పేరుగల ఒకరిదే. ఆ పేటెంటు ఆ పేరుగల ఇంకొకరిదే. ముగ్గురూ నిజం, మూడు వివరాలూ నిజం. వాటిని ఒకదాని కింద ఒకటి పెట్టడంలో మాత్రం అబద్ధం పుట్టింది. మనిషి అబద్ధమాడితే నోరు ఎవరిదో తెలుస్తుంది. ఈ అబద్ధానికి నోరు లేదు. పేరు చూసి కలపమని ఎవరో యంత్రానికి ఎప్పుడో చెప్పారు. అది కలిపింది.

పేటెంటు అంటే ఏమిటో మన పిల్లలకు రెండు మాటల్లో చెప్పాలి. కొత్త పరికరం కనిపెట్టినవారు దరఖాస్తు పెట్టుకుంటే, మన దేశంలో సాధారణంగా 18 నెలల తర్వాత ఆ దరఖాస్తును అందరూ చూసేలా ప్రచురిస్తారు. మంజూరైతే దరఖాస్తు తేదీ నుంచి 20 ఏళ్లపాటు హక్కు. కనిపెట్టినవారి పేరు కాగితం మీద ఉండాలనేది న్యాయమైన నియమం, ఎందుకంటే అది ఘనత. కానీ ఈ కాగితం మీది రాము, ఆ కాగితం మీది రాము ఒక్కరేనా అన్నది పేరు చెప్పదు. ప్రపంచమంతా ఇదే ఇబ్బంది. అమెరికాలో పేటెంట్ల మీది పేర్లలో ఎవరు ఎవరో విడదీయడానికి ప్రత్యేకంగా లెక్కలు కట్టే పద్ధతులే పెట్టుకున్నారు. పరిశోధకులకు 2012 నుంచి ఆర్కిడ్ అనే 16 అంకెల సంఖ్య ఉంది, ఒకే పేరున్న ఇద్దరు పండితుల రచనలు కలిసిపోకుండా. చదువుకున్నవాళ్ల ఘనత ఇంకొకరికి పోకూడదని ఎంత జాగ్రత్త! మంచిదే. అదే జాగ్రత్త రేషన్ బియ్యం దగ్గర ఎంత ఉందో చూద్దాం.

తెలంగాణలో 'సమగ్ర వేదిక' అనే ఏర్పాటు ఉంది. బండ్ల రిజిస్ట్రేషన్లు, ఆస్తులు, కరెంటు, రేషన్ వంటి రకరకాల శాఖల జాబితాలను తెచ్చి, పేర్లు, చిరునామాలు పోల్చి, ఏ వివరం ఏ మనిషిదో తేల్చే యంత్రం అది. పేర్లు అచ్చంగా ఒకటే కానవసరం లేదు, దగ్గరగా ఉంటే చాలు. రాష్ట్రంలో 2016 నుంచి రద్దయిన దాదాపు 19 లక్షల రేషన్ కార్డుల సంగతి మీద సామాజిక కార్యకర్త ఎస్.క్యూ. మసూద్ కోర్టుకు వెళ్లారు. 2022 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఆ కార్డులను క్షేత్రస్థాయిలో మళ్లీ పరిశీలించమని చెప్పింది. 2024 జనవరిలో అల్ జజీరా ప్రచురించిన పరిశోధనలో హైదరాబాద్‌కు చెందిన ఒక పేద ముస్లిం కుటుంబం కథ ఉంది. భర్త రిక్షా తొక్కి బతికినవాడు. ఆయనకు కారుందని యంత్రం తేల్చింది. కారు అసలు యజమానిది దాదాపు అదే పేరు, మధ్యలో ఒక మాట ఎక్కువ. ఆ ఒక్క మాట చూడనందుకు ఇంటికి బియ్యం ఆగాయి.

మా ఇంట్లో జరిగింది దీనికంటే చిన్నది. మా అత్తమ్మ పింఛను ఒక నెల ఆగింది. వెళ్లి అడిగితే ఆమె చనిపోయినట్టు రాసి ఉంది. చనిపోయింది ఏటి అవతలి గూడెంలో అదే పేరుగల ఇంకో ముసలమ్మ. అత్తమ్మ ఆ కార్యాలయం మెట్ల మీద కూర్చుని, "నేను బతికున్నానని ఎవరు రాసిస్తారు బిడ్డా?" అంది. నాలుగు నెలలు తిరిగాం. తిరిగిన ఆటో ఖర్చు ఒక నెల పింఛనులో సగం. అన్నింటికంటే ఆమెను బాధపెట్టింది ఇంకొకటి. ఆ చనిపోయినామెకు తాను ఏడవలేకపోయానని అనేది. తన పేరుగల మనిషి పోతే తెలుసుకుని వెళ్లాల్సింది, ఆ కబురు పింఛను కాగితం చెప్పాల్సి వచ్చింది అని.

ఆ మాటలో మాకు దారి దొరికింది. మేము కోయవాళ్లం. మా ఇళ్లల్లో తాత పేరు మనవడికి, అవ్వ పేరు మనవరాలికి పెట్టుకుంటాం. పుట్టిన వారాన్ని బట్టి పెట్టిన పేర్లూ ఎక్కువే. కాబట్టి ఒక్క గూడెంలో నలుగురు సోమయ్యలు, ముగ్గురు లక్ష్మక్కలు ఉండటం మాకు వింత కాదు. దానివల్ల ఎప్పుడూ ఎవరూ ఎవరితో కలిసిపోలేదు. ఎందుకంటే పేరు వినగానే మా పెద్దలు ఆగరు. ఇంటిపేరేమిటి, ఏ గట్టు, ఎవరి కొడుకువి, ఏ వాగు పక్కన ఇల్లు, మీ అమ్మ ఏ ఊరి ఆడబిడ్డ అని అడుగుతారు. ఇంటిపేరు కలిస్తే అన్నదమ్ముడు, గట్టు వేరైతే వియ్యం కలిసే మనిషి. పేరు కలవడం మాకు విచారణ మొదలవడం. యంత్రానికి పేరు కలిస్తే విచారణ అయిపోయింది.

ఇది యంత్రాన్ని తిట్టడానికి అనడం లేదు. యంత్రానికి ఆ బుద్ధి నేర్పినవాళ్లలో మేమూ ఉన్నాం. ఉపాధ్యాయులుగా ఈ మాట ఒప్పుకోవాలి.

మేము ఉద్యోగంలో చేరిన కొత్తలో, టీటీసీ అయి వచ్చిన ఊపులో, అడ్మిషన్ రిజిస్టరు చక్కగా ఉండాలనుకున్నాం. పిల్లలు చెప్పిన పేర్లు కొన్ని 'బాగా లేవ'నిపించి మార్చాం. ఐతు అనే పిల్లవాడిని ఆదిత్య చేశాం. వాడి తల్లిదండ్రులను అడిగామా? లేదు. తరగతిలో ఒకే పేరున్న ఇద్దరుంటే ఒకటి, రెండు అని అంకెలు పెట్టాం. 'రెండు' అని రాయించుకున్నవాడు నిన్నగాక మొన్న సంతలో కలిసి, "సార్, నేను రెండోవాణ్ని" అని పరిచయం చేసుకున్నాడు. ఇద్దరు పిల్లల తండ్రి ఇప్పుడు. నవ్వాడు. మాకు నవ్వు రాలేదు.

ఇంకో పని కూడా చేశాం. ఇంటిపేరును ఒక్క ఇంగ్లీషు అక్షరంగా కుదించాం. కుంజా, కారం, కుర్సం, కొమరం, కుమ్ర, కనక, అన్నీ 'కె' అయిపోయాయి. ఒక్కో ఇంటిపేరు వెనుక ఒక గట్టు, ఒక వేల్పు, ఒక దారి ఉన్నాయి. వాటన్నిటినీ ఒక అక్షరంలో పూడ్చాం. మైదానంలో అదే 'కె' వెనుక ఇంకెన్ని ఇంటిపేర్లో! 1940లో జోడేఘాట్‌లో ప్రాణం ఇచ్చిన వీరుడి పేరునే కొందరు కొమరం అని, కొందరు కొమురం అని, జిల్లా పేరులో కుమురం అని రాస్తున్నారు. అంత పెద్ద పేరుకే ఒక రాత కుదరకపోతే మామూలు పిల్లల పేర్లు ఏ దారి పడతాయి?

మావాడి పేరు కూడా 'కె'తోనే మొదలవుతుంది. ఆ 'కె' మేము రాసిందే.

అంకె ఇస్తే సమస్య తీరిపోతుంది కదా అని మా తోటి ఉపాధ్యాయులు అంటారు. ఆధార్ అందుకే కదా వచ్చింది. దేశంలో తొలి ఆధార్ సంఖ్యలు 2010 సెప్టెంబరు 29న ఇచ్చింది కూడా మహారాష్ట్రలోని నందుర్బార్ జిల్లాలో, టెంభలీ అనే ఆదివాసీ గ్రామంలోనే. 12 అంకెలు ఇద్దరికి ఒకటే రావు, నిజమే. కానీ ఫోన్ జాబితాలోనూ, పేటెంటు కాగితం మీదా, ఊరి గోడ మీది జాబితాలోనూ ఆ అంకె ఉండదు, ఉండకూడదు కూడా. అక్కడ లోకం చదివేది పేరునే. 2023లో వచ్చిన వ్యక్తిగత సమాచార రక్షణ చట్టం మన వివరం తప్పుగా ఉంటే సరిదిద్దమని అడిగే హక్కు చెప్పింది. అయితే మనిషి తానుగా బహిరంగం చేసిన వివరానికి, చట్టప్రకారం బహిరంగం చేయాల్సి వచ్చిన వివరానికి ఆ చట్టం వర్తించదు. ఇక మావాడు వెళ్లి ఏమని అడగాలి? ఏ వివరమూ తప్పు కాదాయె. "నన్ను నాది కాని ఘనత నుంచి విడదీయండి" అని అడగాలి. అలాంటి దరఖాస్తు ఫారం మేమెక్కడా చూడలేదు.

ఇప్పుడు వాడి ప్రశ్న దగ్గరికి వద్దాం. మౌనంగా నవ్వడం అబద్ధమా?

మొదట మాకు వాడి మీద జాలే కలిగింది. ఇన్నేళ్లూ పేర్లు కలిసినందుకు మన నోటి ముద్ద పోయింది, పింఛను పోయింది, బతికున్నవాళ్లం చచ్చినవాళ్లమయ్యాం. ఒక్కసారి అదే పొరపాటు మన వైపు మొగ్గితే తప్పేమిటి అనిపించింది. ఈ మాట పైకి అన్న మిత్రుడు కూడా ఉన్నాడు. ఆదివాసీ పిల్లవాడు పేటెంటు సాధించాడంటే నమ్మిన పెద్దమనిషి ఉండటమే గొప్ప కదా, నమ్మనివ్వండి అన్నాడు. అందులో చేదు ఉంది, నిజమూ ఉంది.

కానీ అత్తమ్మ మెట్ల మీద కూర్చున్న రోజు గుర్తొచ్చింది. ఆ నాలుగు నెలల్లో చనిపోయినామె ఇంటివాళ్లకు ఒక్క మాట పంపి ఉంటే, వాళ్లు వచ్చి, చనిపోయింది మా అవ్వ, ఈమె కాదు అని చెప్తే ఒక్క రోజులో తేలేది. చివరికి తేలింది కూడా అలాగే. వాళ్ల మనవడు మైళ్లు నడిచి వచ్చి చెప్పాడు. వాడికి ఏమీ ఒరగలేదు, కూలి ఒక రోజు పోయింది. పేరు పంచుకున్నవాళ్ల మధ్య ఉండే బాకీ అదేనని మాకు అర్థమైంది. కలిసిపోయినప్పుడు నష్టపోయినవాడు గట్టిగా అరిచినా లోకం నమ్మదు, "నీ స్వార్థం కొద్దీ అంటున్నావు" అంటుంది. లాభపడినవాడు "అది నేను కాదు" అంటే వెంటనే నమ్ముతుంది. కాబట్టి ఆ మాట చెప్పగల బలం ఉన్నది లాభపడినవాడికే. ఆ బలం ఉండి నవ్వి ఊరుకుంటే, ఎవరో ముక్కుమొహం తెలియని మనిషి ఏళ్ల తరబడి పడ్డ కష్టం కాస్త మన జేబులో పడ్డట్టే. ఆ మనిషీ ఏ ఊరి నుంచి వచ్చాడో, ఎవరి చేత 'రెండు' అనిపించుకున్నాడో మనకేం తెలుసు?

ఇదే వాడికి చెప్పాం. అబద్ధం ఆడలేదురా, అబద్ధానికి నీడ ఇచ్చావు అన్నాం. అది నువ్వు పుట్టించింది కాదు, కానీ ఆ క్షణంలో దాన్ని ఆపగలిగింది నువ్వొక్కడివే అన్నాం. మా 'కె' గురించి కూడా చెప్పాం. తప్పు మా వైపు నుంచి ఎక్కడ మొదలైందో దాచి, వాడికి మాత్రం నీతులు చెప్పడం మాకు సిగ్గనిపించింది.

వాడు కంపెనీకి ఫోన్ చేసి ఆ పేటెంటు తనది కాదని చెప్పాడు. "సరే, చూస్తాం" అన్నారట. ఇది రాసేనాటికి కబురు లేదు. అది ఆ మాట వల్లనేనా, వేరే కారణమా, మేము చెప్పలేం.

తర్వాత వాడు మేము చెప్పని పని ఇంకొకటి చేశాడు. ఆ జాబితాలో ఉన్న నంబరుకు ఫోన్ చేశాడు, సెన్సర్ చేసినాయన దొరుకుతాడేమోనని. ఎత్తినది రిటైరైన ఒక పెద్దాయన. సెన్సర్ గురించి ఎవరెవరో ఫోన్లు చేస్తుంటే విసిగి ఉన్నాడట, ముందు గట్టిగానే అరిచాడు. పేరు చెప్పగానే ఆగాడు. "అదే పేరా? ఎక్కడుంటావు నాయనా?" అన్నాడు. రెండు వీధుల అవతలే. సాయంత్రం సాగర్ రోడ్డు మీద టీ కొట్టు దగ్గర కలిశారు. మావాడు కూర్చోగానే మన పద్ధతిలో మొదటి ప్రశ్న అడిగాడట, "అయ్యా, మీ కె అంటే ఏమిటి?" అని. ఆయన ఇంటిపేరు చెప్పాడు, పుట్టిన ఊరు చెప్పాడు. మావాడు తన ఇంటిపేరు మొత్తం పలికాడు. ఆయనకు ఒకసారికి అందలేదు, రెండోసారి పలికించుకున్నాడు. టీ డబ్బులు ఆయనే ఇచ్చాడు. సెన్సర్ చేసినాయన ఎవరో ఇద్దరికీ ఇప్పటికీ తెలియదు.